అవ్వ గొంతు

“ఓబులేసూ! ఒరే ఓబులేసూ!”

అరుగు మీద నుంచి లింగమ్మవ్వ పిలుపు. పిలుపంటే పిలుపు కాదు, ఎండుటాకు కదిలినట్టు. పోయిన చలికాలం జబ్బుచేసి ఆమె గొంతు పోయింది.

అంతకుముందు పాడిన తత్వాలన్నీ ఆశ్రమం కంప్యూటర్లో ఉండేవి. రికార్డు చేసింది శిష్యుడు ఓబులేసే. హెడ్‌ఫోన్లు పెట్టుకుని వింటూంటే, కొండమీది మంచు తన లోపలికి కూడా దిగుతున్నట్టుండేది అతనికి.

ఇప్పుడు ఒక్క పాటా తెరుచుకోవడం లేదు. పొద్దున రిపేరుకు వచ్చినాయన చూసి, “కాపలా ప్రోగ్రామును ఎవరో ఆపేశారు. ఆ సందులో వైరస్ దూరింది. ఇంక ఇవి రావు” అని చెప్పి వెళ్ళిపోయాడు.

అందరి చూపూ తోటి శిష్యుడు కుళ్ళాయప్ప మీదికి పోయింది. కంప్యూటరుకు పెన్‌డ్రైవ్ పెట్టింది అతనే కదా. నింద పడలేక సాయంత్రం బస్సుకు పోతానని అతను బట్టలు మూట కట్టుకుంటున్నాడు. ఓబులేసు తల దించుకుని అవ్వ పిలిచిన అరుగు దగ్గరికి నడిచాడు.

“వచ్చినా అవ్వా.”

“నల్లోణ్ని కట్టెయ్.”

నల్లోడు ఆశ్రమం కుక్క. వాడుంటే కోతులు గడప తొక్కవు.

“కోతులొస్తాయి కదవ్వా!”

“కాసేపే లేరా.”

వెనక కొట్టంలో కట్టేసి వచ్చాడు. అవ్వ తలుపులు బార్లా తెరిచి కూర్చుంది. గడప మీద ఎండ పసుపు పూసినట్టు పరుచుకుంది. ఆ వెలుగులోంచే ఒక కోతిపిల్ల మెల్లగా దిగింది. దణ్ణం పెడుతున్నట్టు చేతులు ముడుచుకుని నిలబడింది. ఓబులేసుకు నవ్వొచ్చింది.

దాని వెనకాలే మూకంతా వచ్చిపడింది. అటుకుల డబ్బా బోర్లాపడింది. దీపం నూనె ఒలికింది. ఒకటి అవ్వ తంబూరా మీదికెక్కి తీగ తెంపింది. కొట్టంలో నల్లోడు గొలుసు తెగేలా గింజుకుంటున్నాడు.

ఓబులేసు పరుగెత్తి వాణ్ని విప్పాడు. కోతులు పోయాయి. తెగిన తీగ ఇంకా వణుకుతూనే ఉంది.

“నల్లోణ్ని ఎవర్రా కట్టేసింది?” అంది అవ్వ.

“నువ్వే కదవ్వా కట్టెయ్‌మంటివి!”

“చెప్పింది నేనే. కట్టిన చెయ్యి ఎవరిది?”

ఓబులేసు తన చేతిని చూసుకున్నాడు. మెట్ల దగ్గర కుళ్ళాయప్ప మూట భుజానేసుకుని చెప్పులు తొడుక్కుంటున్నాడు.

“కుళ్ళాయప్పా, ఆగు!” అని అరిచాడు. తర్వాత అవ్వ ముందు కూలబడ్డాడు. “నాదే అవ్వా. నీ పాటల్లో గాలిమోత తీసేద్దామనుకున్నా. ఆ మోత తీసే సాఫ్ట్‌వేర్ గడువు అయిపోయింది. కొనకుండా నడిపించే యాక్టివేటర్ ఒకటి నెట్‌లో దొరికింది. కాసేపు కాపలా ఆపమనింది. ఆపినా. వాడు కాదవ్వా... నీ గొంతు పోగొట్టింది నేను.”