చుక్క ఎక్కిన బండి

ప్రశ్న అడిగితే వెంటనే జవాబు చెప్పే అలవాటు ఆచార్య పరాంకుశం గారికి లేదు. "పద, చూద్దాం" అని చేతికర్ర అందుకునేవారు. ఆ రోజూ అంతే చేశారు.

అడిగింది ఆయన శిష్యురాలు హైమవతి. పరిశోధనశాలలో చుక్క అనే ఆడ చింపాంజీకి పసితనంలో పాలు పట్టి, పెరిగాక చేతిసైగలతో మాటలు నేర్పింది ఆమే. చివరి పరీక్షలో చుక్క తప్పింది. పండు బొమ్మ చూపినా, బంతి బొమ్మ చూపినా "తలుపు తెరువు" అనే సైగే చేసింది. బొమ్మకు తగిన సైగ కాకపోతే తప్పు కింద రాయడం అక్కడి పద్ధతి. తలుపు మాత్రం ఎవరూ తెరవలేదు. ఇది భాష కాదు, వట్టి చిలకపలుకులని పెద్దలు తేల్చారు. పట్టా చేతికి రావాలి గదా, హైమవతి కూడా సంతకం పెట్టింది. భాష రాని కోతికి తిండి దండగ కనుక, మందులు పరీక్షించే చోటికి పంపేయమన్నారు. నోరున్నవాడిదే రాజ్యం.

బండి వచ్చిన పొద్దున హైమవతి గురువుగారి ముందు నిలబడింది. "దానికి నిజంగా భాష వచ్చాండీ, రాదా? రాదని మీరు ఒక్కమాట అంటే నాకు నిద్ర పడుతుంది" అంది.

ఇద్దరూ వెళ్లేసరికి చుక్క బోను ఊచలు పట్టుకుని కదలనంటోంది. మత్తుసూది వేస్తే దాని గుండె తట్టుకోదని పశువైద్యుడు చేతులెత్తేశాడు. "మీరు చెబితే వింటుందమ్మా" అన్నారు పనివాళ్లు.

హైమవతి ముందుకొచ్చి చేతులు కదిపింది. బండి. తోట. ఆట.

చుక్క ఆమె ముఖంలోకి చూసింది. నువ్వు? అని వేలు చూపింది.

నేనూ వస్తాను, అంది హైమవతి చేతులతోనే.

చుక్క ఊచలు వదిలేసింది. తనంతట తానే నడిచివెళ్లి బండెక్కి, పక్కన హైమవతికి కాస్త చోటు ఉంచి కూర్చుంది. పనివాళ్లు తలుపు వేసి గడియ బిగించారు. బండి కదిలాక వెనక జాలీలో రెండు చేతులు కనిపించాయి. తలుపు తెరువు, తలుపు తెరువు అంటున్నాయి. గేటు దాటేదాకా అంటూనే ఉన్నాయి.

హైమవతి అక్కడే కూలబడి ఏడ్చింది. గురువుగారు ఓదార్చలేదు. ఆమె కళ్లు తుడుచుకునేదాకా ఆగి, గోడకు ఆనించిన చేతికర్ర అందుకున్నారు.

"భాష రానిదానితో అబద్ధమెందుకు ఆడావమ్మా?" అన్నారు.