తేల్చని జడ్జి, సాగని పడుగు

వీరంపేట సబ్‌కోర్టులో పరాంకుశరావు గారనే జడ్జి ఉండేవారు. చట్టం పుస్తకాలన్నీ ఆయనకు కంఠతా వచ్చు గానీ, ఒక కేసును ఇటో అటో తేల్చే ధైర్యం మాత్రం ఉండేది కాదు. నేను ఆయన దగ్గర బెంచి గుమస్తాగా పనిచేశాను. చెబుతుంటే ఇప్పటికీ ఒళ్లు మండుతుంది.

కింద మునసబు కోర్టులో ఓడిపోయినవాళ్లు ఆయన దగ్గరికి అప్పీలుకు వచ్చేవారు. ఆయన ఫైలంతా చదివేవారు. చదివి, ఏదో ఒక లోటు పట్టుకుని, "దీన్ని మళ్లీ విచారించండి" అని కింది కోర్టుకే తిప్పి పంపేవారు. దాన్ని రిమాండ్ అంటారు. మనిషిని జైల్లో పెట్టడం అనుకునేరు, ఇక్కడ వెనక్కి పంపేది కేసును. నిజంగా లోటుంటే పంపాల్సిందే, నేను కాదనను. కానీ ఈయనకు ప్రతి ఫైల్లోనూ లోటు కనిపించేది. తీర్పు రాస్తే పైకోర్టు తప్పు పడుతుందేమోనని భయం. తిప్పి పంపితే ఆ భయమూ లేదు, పైగా నెలాఖరు పట్టికలో అది పూర్తయిన కేసు కిందే లెక్క.

నేతపని చేసే నాంచారమ్మ కేసు అలాంటి మనిషి చేతిలో పడింది. ఆమెకూ, భర్త వీరాస్వామికీ ఆధారం ఒక్క మగ్గం. మగ్గానికి ఎక్కించే ముందు పడుగును, అంటే బట్టలో నిలువుగా వచ్చే నూలును, పొడవునా సాగదీసి, గంజి పెట్టి ఆరబెట్టాలి. తాతలనాటి నుంచి వాళ్లింటి ముందు సందులోనే ఆ పని జరిగేది. పక్కనున్న సిమెంటు కొట్టు రాఘవులు, సందు నాదేనంటూ అడ్డంగా గోడ కట్టేశాడు. ఇక పడుగు సాగేదెక్కడ? మొగుడూ పెళ్లాలిద్దరూ దాన్ని మోసుకుని ఊరవతల సంత మైదానం దాకా వెళ్లేవారు. వానొస్తే అదీ లేదు.

నాంచారమ్మ దావా వేస్తే మునసబు కోర్టు గోడ తీసేయమంది. రాఘవులు అప్పీలు చేసి, తేలేదాకా గోడ కదపకుండా స్టే తెచ్చుకున్నాడు.

"సందు కొలతలు వేయించలేదు" అన్నారు పరాంకుశరావు గారు. కేసు కిందికి వెళ్లింది. కోర్టు పంపిన కమిషనరు వచ్చి టేపు పట్టి కొలిచాడు. మునసబు మళ్లీ నాంచారమ్మనే గెలిపించాడు. రాఘవులు మళ్లీ అప్పీలుకొచ్చాడు.

"కొలిచేటప్పుడు రాఘవులుకు నోటీసు అందినట్టు కాగితం లేదు" అన్నారు ఈసారి. ఆ రోజు టేపు రెండో కొస పట్టుకుని నిలబడింది సాక్షాత్తూ రాఘవులే. ఆ మాట కమిషనరు రిపోర్టులోనే ఉంది. అయినా కాగితం కావాలట! కేసు మళ్లీ మొదటికొచ్చింది.

నేనిక ఉండబట్టలేక, "సాక్ష్యమంతా ఫైల్లోనే ఉందండీ. మీరే తేల్చేయొచ్చు కదండీ" అన్నాను.

"తొందరపడి తప్పు చేయకూడదు, శోభనాద్రీ" అన్నారు కళ్లజోడు తుడుచుకుంటూ.

తొందరట. అప్పటికే ఏడేళ్లు గడిచాయి. ఎద్దు పుండు కాకికి ముద్దా?

కింద మూడోసారీ నాంచారమ్మే గెలిచింది. మూడోసారీ అప్పీలు వచ్చింది. ఆమె కోర్టు హాల్లో లేచి నిలబడింది.

"అయ్యా, గెలిచావనండి, ఓడావనండి. ఏదో ఒకటి చెప్పండి" అంది.

ఆయన తలెత్తలేదు. ఒక సాక్షిని రెండు ప్రశ్నలు అడగకుండా వదిలేశారని మళ్లీ వెనక్కి పంపేశారు.

ఈసారి ఆమె వకీలు కిందికి పోలేదు, నేరుగా హైకోర్టుకు వెళ్లాడు. అక్కడి నుంచి ఉత్తర్వు వచ్చింది. "సాక్ష్యాలన్నీ ఫైల్లో ఉన్నాయి. కిందికి పంపాల్సిన పని లేదు. రెండు నెలల్లో మీరే తీర్పు చెప్పండి." అందరి కేసులూ వెనక్కి పంపిన పెద్దమనిషి దగ్గరికే కేసు వెనక్కి వచ్చింది. వకీళ్లు నోటికి చెయ్యి అడ్డం పెట్టుకున్నారు.

ఇక తప్పక ఆయన కూర్చుని రాశారు. ఎంతసేపు పట్టిందనుకున్నారు? ఒక్క మధ్యాహ్నం. పదకొండేళ్ల కేసు ఒక్క మధ్యాహ్నంలో తేలిపోయింది. గోడ తీసేయమన్నారు.

తీర్పు చదివి, "ఇక నీ సందులో పడుగు సాగదీసుకోవచ్చమ్మా" అన్నారు.

"మగ్గం లేదయ్యా" అంది నాంచారమ్మ.

"అదేమిటి?"

"పడుగు మోసి మోసి మా ఆయన నడుము పడిపోయింది. పోయినేడు మగ్గం విప్పి అమ్మేశాం. ఓడావని మీరు మొదట్లోనే చెప్పుంటే, మగ్గం తీసుకుని మా తమ్ముడి ఊరికి పోయి నేసుకునేవాళ్లం. మీరు అవునూ అనలేదు, కాదూ అనలేదు. గెలిచిన కేసు వదిలి పోలేక ఇక్కడే ఉండిపోయాం."

ఆమె గొంతులో కోపం కూడా లేదు. దండం పెట్టి వెళ్లిపోయింది. పరాంకుశరావు గారు నా వైపు చూశారు. నేను ఆ ఫైలు కట్టేసి పక్కన పెట్టాను. ఆ తర్వాత రిటైరయ్యేదాకా ఆయన ఉత్తపుణ్యానికి ఏ కేసునూ తిప్పి పంపలేదు. ఆయన మారితే సంతోషమే, కానీ నాంచారమ్మ మగ్గం ఎవరో కొనుక్కుపోయారు.

నీతి: తప్పు చేస్తానేమోనన్న భయంతో, తేల్చాల్సినవాడు తేల్చకుండా పక్కకు నెట్టడం తప్పుడు తీర్పు కంటే పెద్ద తప్పు.