పిడి లేని గిరకమ్మ

గిరకపాలెంలో, సముద్రపు ఒడ్డున ఇసుక దిబ్బ మీద గిరకమ్మ తల్లి కొలువై ఉన్నది. బస్సు దిగి సరుగుడు తోట పక్కనుంచి అరమైలు నడిస్తే గుడి కనిపిస్తుంది. గోపురం కోసం వెతకవద్దు, అది లేదు. తాటాకు కప్పు గాలికి ఎగిరిపోతూ ఉంటే విసుగొచ్చి ఊరివాళ్లు ఇరవై ఏళ్ల కిందట పెంకులు నేయించారు. గర్భగుడిలో విగ్రహమూ లేదు. మనిషికంటే జానెడు ఎత్తున్న కొయ్య చక్రం ఒకటి, రెండు రాతి స్తంభాల నడుమ ఇరుసు మీద నిలబడి ఉంటుంది. దానికే పసుపు, దానికే కుంకుమ. కొత్తగా వచ్చినవారు దాన్ని తిప్పే పిడి ఎక్కడుందా అని చుట్టూ తిరిగి వెతుకుతారు. పెట్టలేదు కనుక దొరకదు.

ఇప్పుడంటే గుడి అయింది గానీ, ముత్తాతల నాడు ఇక్కడ ఉన్నవల్లా ముప్పై గుడిసెలు, ఐదు పడవలు, అప్పలాచారి అనే ఒక వడ్రంగి. ఒక వేకువజామున ఆయనకు కలలో ఎర్రచీర కట్టిన ముసలమ్మ కనిపించి, "ఒడ్డుకి మాను కొట్టుకొచ్చింది. దాంతో నాకు గిరక చెయ్యి. పిడి పెట్టకు, తాడు కట్టకు" అన్నది. లేచి వెళ్లి చూస్తే, ఆ తీరంలో ఎవరూ ఎరుగని జాతి మాను ఒకటి నిజంగానే ఇసుకలో పడి ఉంది. అప్పలాచారి మూడు నెలలు చెమటోడ్చి చక్రం చేసి, పందిరి వేసి దాని కింద నిలబెట్టాడు. పిడి లేని గిరక ఎందుకయ్యా, దిష్టికా అని ఊరంతా ఆటపట్టించింది. ఎందుకో ఆయనకూ తెలియదు పాపం. తల్లి చెప్పింది, చేశాడు, అంతే.

దాని మహిమ ఒక వేసవి మధ్యాహ్నం బయటపడింది. ఆకు కదలని ఉక్కలో ఊరంతా ఆ పందిరి కిందికి చేరింది. మాట్లాడే ఓపిక కూడా లేక అందరూ కాస్త గాలి కోసం తపించిపోతున్నారు. చెయ్యి తగలకుండానే గిరక కిర్రుమని ఒక చుట్టు తిరిగింది. సముద్రం మీదనుంచి చల్లగాలి వచ్చి అందరి చెమటా ఆర్చింది. మరి రెండు మూడుసార్లు పరీక్షించుకున్నాక సంగతి తేలింది. ఒక్కరు తలిస్తే గిరకకు చీమ కుట్టినట్టయినా ఉండదు. అందరి మనసులూ కలిస్తే మాత్రం ఆ తలపునే బలంగా పట్టి, లోకాన్ని అటువైపు తిప్పుతుంది. మనసులో లేనిది నోటితో ఎంత అరిచినా వినదు.

ఆ ఏడు కార్తీకంలో తుపాను పట్టింది. వేటకు వెళ్లిన ఐదు పడవలూ మూడో రోజుకీ తిరిగి రాలేదు. ఒక పడవలో గురువులు అనే జాలరి ఉన్నాడు. ఆయన భార్య పైడమ్మ. పెళ్లయి మూడేళ్లు. గురువులు పనిమంతుడే గానీ కోపం ముక్కుమీదనే ఉండేది. ఊళ్లో ఆయనచేత మాట పడని గడప లేదు. నెల కిందటే పొరుగింటి కాసులమ్మ వల తన వలకు చిక్కుపడితే, విడదీసే ఓపిక లేక కత్తితో కోసి పారేశాడు. మొగుడు పోయిన కాసులమ్మకూ ఆమె కొడుకుకూ ఆ వలే కూడు పెట్టేది. ఇప్పుడు ఆ కొడుకు కూడా కూలికి వేరొకరి పడవ ఎక్కి సముద్రం మీదే ఉన్నాడు.

మూడో నాటి ఉదయం ఊరంతా గిరక చుట్టూ కూర్చుని పడవలు రావాలని తలచింది. గిరక ఇటు కాస్త, అటు కాస్త కొట్టుకుందే తప్ప తిరగలేదు. అప్పలాచారి చూసి చూసి తల పట్టుకున్నాడు. "ఎవరి మనిషిని వాళ్లే లాక్కుంటున్నారమ్మా. ఇన్ని వైపులకి లాగితే అది మాత్రం ఎటు తిరుగుతుంది? మీ కుడి పక్కనున్నోళ్ల మనిషిని తలవండి. అప్పుడు మనసులు గొలుసు కడతాయి" అన్నాడు.

పైడమ్మ తన రెండు పక్కలా చూసుకుంది. ఆమె తన కుడి పక్కనున్నామె తమ్ముణ్ణి ఎంతో ఇష్టంగా తలవగలదు. కానీ గురువులును తలవాల్సిన ఎడమ పక్క చోటు అప్పటికీ ఖాళీగానే ఉంది. గురువులు కోసం కోరడం ఇష్టంలేక అందరూ తలా కాస్త జరిగిపోయారు. చివరికి ఆలస్యంగా వచ్చిన కాసులమ్మకు అదొక్కటే మిగిలింది. ఈమెనా నా మొగుణ్ణి రమ్మని కోరేది అనుకుని పైడమ్మ బావురుమనబోయి ఆపుకుంది.

గిరక ఈసారి సగం చుట్టు తిరిగి ఆగింది. ఎవరి మనసో రాలేదన్నాడు అప్పలాచారి.

"నాదేనయ్యా, దాపరికం దేనికి" అన్నది కాసులమ్మ. "ఆడి మొకం తలుచుకుంటే తెగిన వలే కళ్లకి కడతంది. నేనేటి సెయ్యను?"

ఆమె అబద్ధమాడలేదు. అందుకే పైడమ్మకు కోపం రాలేదు. కాళ్ల మీద పడదామనుకుంది గానీ, తన మీద జాలితో గిరక తిరుగుతుందా అని సందేహం వచ్చింది. నెమ్మదిగా అన్నది, "పిన్నీ, మొన్న వేసంగిలో మీ అల్లుడు వట్టి తలతో తిరిగేడు, గుర్తుందా?"

కాసులమ్మకు గుర్తే. మాడు కాలి తోలు ఊడుతుంటే, ఆ నోటి దురుసుకు తగిన శాస్తి అయిందని సంతోషించింది కూడాను.

"తలపాగా గాలికెగిరిపోయిందని ఊరందరికీ సెప్పేడు. ఎగిరిపోలేదు పిన్నీ. మా కోడిపెట్ట పొదుగుతుంటే, కింద ఇసక కాలిపోతందని దానికి పరిచేసేడు. పిల్లలు లేచేదాకా నన్ను తియ్యనివ్వలేదు. ఎవరికీ సెప్పొద్దని ఒట్టు కూడా ఏయించుకున్నాడు."

కాసులమ్మ కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది. నవ్వు ఆగలేదు. అంతమంది ఏడుస్తున్న చోట ఆమె భుజాలు కదిలిపోయేలా నవ్వింది.

"వల కోసిన నాడు కూడు ముట్టలేదు" అన్నది పైడమ్మ మళ్లీ. "మీ గుమ్మం దాకా మూడుసార్లు వచ్చేడు. పిలవడానికి మొకం సెల్లక తిరిగొచ్చేసేడు."

కాసులమ్మ నవ్వు ఆగిపోయింది.

"మూడుసార్లు వచ్చినోడు నాలుగోసారి పిలవొచ్చు కదా" అన్నది. కళ్లలో నీళ్లు తిరిగాయి. "రానీ. తిన్నగా నా ఇంటికే రానీ. ఆడి సేత వల అల్లించుకోకపోతే నా పేరు కాసులమ్మ కాదు. రానీ ఆణ్ణి."

దీవెనలా లేదు సరే, మనిషి రావాలని మాత్రం నిలువునా కోరుకుంది. గిరక కదిలింది. కదిలింది మరి ఆగలేదు. పొద్దు నడినెత్తికి వచ్చేసరికి గాలి ఒడ్డువైపు మళ్లింది. మొదట ఒక పడవ, దాని వెనక మూడు కనిపించాయి. కాసులమ్మ కొడుకు వాటిలోనే ఉన్నాడు. తెరచాప పీలికలైన ఐదో పడవ కనిపించాక పైడమ్మ ఇసుకలో కూలబడింది.

గురువులు దిగేసరికి, భార్యకంటే ముందు కాసులమ్మ నిలబడి ఉంది, చేతిలో తెగిన వలతో. ఆయన తల వంచుకుని, "దారం ఉందా అత్తా" అని మాత్రం అన్నాడు. తొమ్మిది రోజులు ఆమె గుమ్మంలో కూర్చుని వల అల్లాడు. పైడమ్మ గంజి అక్కడికే తెచ్చి, ఆయన తాగేదాకా పక్కనే కూర్చునేది.

నాటినుంచి గిరకమ్మ సన్నిధిలో ఎవరి కోరిక వారు కోరుకునే ఆచారం లేదు. భక్తులు గుండ్రంగా కూర్చుని, కుడి పక్కవారి మనిషి కోసం కోరుతారు. ముందుగా తమవారి ముచ్చట ఒకటి ఎడమ పక్కవారికి చెప్పాలి. మార్కులూ ఉద్యోగాలూ చెబితే గిరక కదలదని పెద్దల మాట. మొన్న కార్తీక పౌర్ణమికి వచ్చిన ఒకావిడ, బస్సు కండక్టరయిన తన భర్త నిద్రలో తననే టిక్కెట్టు అడుగుతాడని చెప్పింది. ఆసుపత్రిలో ఉన్న ఆ ముక్కూమొహం తెలియని మనిషి లేచి రావాలని పక్కనున్న పెద్దాయన కళ్లు మూసుకుని కోరుకున్నాడు. సముద్రం మీద ఉన్నవారికీ, మంచాన పడినవారికీ, అలిగి ఇల్లు విడిచినవారికీ తల్లి తప్పక దారి చూపుతుందని ఇక్కడివారి నమ్మకం.

ఒంటరిగా వచ్చినవారు బెంగపెట్టుకోనవసరం లేదు. గుడి బయట చేపలు ఎండబెట్టుకునే ఆడవాళ్లు ఉంటారు, ఎవరినైనా పిలవండి. చేతులు కడుక్కుని వచ్చి, మీ ఎడమ పక్కన కూర్చుని, "సెప్పు నాయనా, ఎలాంటి మనిషి?" అని అడుగుతారు.