నాకి చూపని మందు

అనగనగా ఒక అడవి. అడవన్నాక సింహం ఉండాలి కదా అని అడక్కండి, ఈ అడవిలో లేదు. కొండల మధ్య ఒక మడుగు ఉండేది. దాని చుట్టూ లేళ్లు, కోతులు, కుందేళ్లు, ఉడుములు, కప్పలు బతికేవి. వాటన్నిటికీ వైద్యం చేసే ముంగిస ఒకడుండేవాడు. అతని పేరు కేతన్న.

ఆ అడవిలో వైద్యానికి ఒక కట్టుబాటు ఉంది. మందిచ్చేవాడు ఆ మందుని ముందు తను నాకి చూపించాలి. ఆ తర్వాతే రోగికి పెట్టాలి. వేపపసరైనా అంతే, నేలవేము కషాయమైనా అంతే. చేదుకి మొహం ముడుచుకుంటూ కేతన్న మందు నాకుతుంటే, వచ్చినవాళ్లకి సగం రోగం అక్కడే తగ్గిపోయేది. ఎవరు పెట్టారో గాని బంగారంలాంటి ఆచారం. మన ఊళ్లోనూ పెడితే బాగుణ్ణు. సర్లెండి, ఆ గొడవ మనకెందుకు.

ఒకరోజు పట్నం నుంచి వీర్రాజు అనే ఎలుక వచ్చాడు. మనుషులు ఏవేవో పరిశోధనలు చేసే ఒక పెద్ద భవనంలో, గోడ కన్నంలో పుట్టి పెరిగాడట. అక్కడ కొత్తగా పిల్లిని తెచ్చి పెట్టేసరికి, బతికుంటే బలుసాకు తినొచ్చని అడవి దారి పట్టాడు. వస్తూ వస్తూ ఒక చిన్న డబ్బా దొర్లించుకొచ్చాడు. తల దాచుకోవడానికి కేతన్న తన బొరియలో చోటిచ్చాడు. అందుకు బదులుగా వీర్రాజు ఆ డబ్బా అతనికి ఇచ్చేశాడు.

డబ్బాలో ఉన్నది వెండిపొడి. మామూలు పొడి కాదు. మనుషులు దాన్ని నానో పొడి అంటారని వీర్రాజు చెప్పాడు. ఒక వెంట్రుకని అడ్డంగా కోస్తే, ఆ కోసిన చోట వేల రేణువులు పక్కపక్కన నిలబడతాయట. ఒక్కో రేణువు అంత సన్నం. పుండులోని కుళ్లు ఎంత లోతున దాక్కున్నా అది వెళ్లి పట్టుకుంటుందట. అయితే వీర్రాజు ఇంకో మాట కూడా చెప్పాడు. ఆ పొడి ముట్టుకునేటప్పుడు అక్కడి మనుషులు ముక్కుకీ నోటికీ గుడ్డ కట్టుకునేవాళ్లు, చేతులకి తొడుగులు వేసుకునేవాళ్లు. ఎందుకని కేతన్న అడిగితే, అది మాత్రం తనకి తెలీదన్నాడు.

అప్పట్లో గంగులు అనే అడవిపంది కాలు వేటగాళ్ల ఉచ్చులో పడి కోసుకుపోయింది. పుండు పుచ్చిపోయింది. పసర్లు పనిచెయ్యలేదు, కట్లు పనిచెయ్యలేదు. పాపం, గంగులు చావుకి సిద్ధపడిపోయి, తన చోటు ఎవరు తీసుకోవాలో కూడా చెప్పేశాడు. కేతన్న ఆలోచించి డబ్బా తీశాడు. చిటికెడు పొడి ఆకు మీద పోసి తడిపాడు. ఇక నాకాలి.

నోటికి కట్టుకునే గుడ్డ గుర్తొచ్చింది అతనికి. తల కాస్త పక్కకి తిప్పి, ఆకుకి తగలకుండా నాలుక ఆడించాడు. గంగులు ఆ నాలుక చూసి, నమ్మకంగా కాలు చాపాడు.

కేతన్నకి ఆ క్షణం తల కొట్టేసినట్టయింది. తను భయపడి ముట్టుకోని దాన్ని ఇంకొకరి ఒంటికి రాస్తున్నాడు మరి. నీకు చావు దగ్గరపడింది గనక రాస్తున్నాను, దీని సంగతి నాకూ పూర్తిగా తెలీదు అని ఒక్క మాట చెబితే సరిపోయేది. గంగులు వద్దనేవాడు కాదు. ఆ ఒక్క మాటా చెప్పలేదు.

పొడి మాత్రం అద్భుతంగా పనిచేసింది. పుండు ఆరింది, గంగులు లేచి పరుగెత్తాడు. తర్వాత కోతి తోక, ఆ తర్వాత కుందేలు చెవి కూడా బాగయ్యాయి. ప్రతిసారీ కేతన్న అలాగే గాలిని నాకాడు. అడవంతా కలిసి అతన్ని మునగచెట్టు ఎక్కించింది. పొగడ్త అంత మంచి దుప్పటి ఇంకోటి లేదర్రా. దాని కింద సిగ్గు వెచ్చగా నిద్రపోతుంది.

అప్పుడు అందరికీ ఒక ఆలోచన వచ్చింది. ఒక్కొక్కరికీ రాయడమెందుకు, ఆ పొడి మడుగులో కలిపేస్తే అందరం తాగుతాం, ఇక రోగమన్నదే రాదు అన్నారు. కేతన్న సరేనన్నాడు. వీర్రాజు మాత్రం బొరియలో అతన్ని పక్కకి పిలిచాడు.

"అక్కడ వాళ్లు చేతులు కడిగిన నీళ్లు కూడా కాలవలోకి వదిలేవాళ్లు కాదు. వేరే పీపాలో పోసి మూత పెట్టేవాళ్లు. నువ్వు మడుగులో పోస్తానంటున్నావు. పోశాక వద్దనుకుంటే మళ్లీ ఏరగలవా?"

జవాబు లేనివాడికి కోపం తొందరగా వస్తుంది. కేతన్న లేనిపోని భయాలు పెట్టొద్దనీ, ఈ మాట బయట ఎవరి దగ్గరా అనొద్దనీ గదమాయించాడు. అతని బొరియలో ఉంటూ అతని తిండి తింటున్న వీర్రాజు నోరు మూసుకున్నాడు.

అందరూ చూస్తుండగా కేతన్న సగం డబ్బా మడుగులో ఒంపాడు. కొన్నాళ్లకి నీళ్లు అద్దంలా అయ్యాయి. రాళ్ల మీది పచ్చటి పాచి ఊడిపోయి అడుగున గులకరాళ్లు కనబడ్డాయి. ఇంత శుభ్రమైన నీళ్లు మా తాతలు కూడా తాగలేదని లేళ్లు మురిసిపోయాయి. కేతన్న మాత్రం మడుగు నీళ్లు తాగడం మానేశాడు. పొద్దున్నే ఆకుల మీది మంచు నాకి దాహం తీర్చుకునేవాడు. ఎవరైనా చూస్తారేమోనని పొదల చాటుకి వెళ్లేవాడు.

ఆ మడుగులోనే రాజ్యం అనే కప్ప గుడ్లు పెట్టింది. గుడ్లు పిల్లలయ్యాయి. తోకకప్పలకి తిండి ఏమిటి? పాచి. ఆ పాచి ఇప్పుడు లేదు. పైగా ఆ చిన్న ప్రాణులకి ఊపిరి పీల్చే చోటల్లా వెండిపొడే. పిల్లలు చిక్కిపోయాయి, ఈదలేక ఈదలేక ఒక్కొక్కటే వెల్లకిలా తేలాయి. రాజ్యం తేలినదాన్నల్లా ముక్కుతో తోసి చూసేది, కదులుతుందేమోనని.

ముసలి ఉడుము పెద్దరికాన పంచాయితీ పెట్టారు. ఎవరివల్ల నీళ్లు చెడ్డాయన్నది ప్రశ్న. ఇంతలో ఎవరో గంగులు పేరెత్తారు. మడుగులో పొర్లేది అతనొక్కడే, ఒంటినిండా బురద, ఇంకెవరు చెడగొడతారు అన్నారు. నిజమేనన్నారు మిగతావాళ్లు. గంగులు ఎవరితోనూ వాదించలేదు. కేతన్న వైపు తిరిగాడు.

"నువ్వు వైద్యుడివి. నువ్వు చెప్పు బావా, నా బురద వల్లేనా?"

అందరూ కేతన్న నోటివైపు చూశారు. అతను నేల చూశాడు.

"పంది పొర్లిన నీళ్లు మంచివి కావు మరి," అన్నాడు.

అంతే. గంగులు తల వంచుకుని కొండ అవతలికి వెళ్లిపోయాడు. వెండిపొడి నిలబెట్టిన కాలితోనే వెళ్లాడు. కేతన్న ఆ రోజు ఎవరికీ మందివ్వలేదు. తలనొప్పని చెప్పి బొరియలో పడుకున్నాడు. వీర్రాజు అతనివైపు చూసి గోడకి తిరిగిపోయాడు. వీర్రాజు ఏమన్నా అంటే బాగుండేదని కేతన్నకి అనిపించింది.

గంగులు పోయాడు గాని పిల్లల చావు ఆగలేదు. మిగిలిన కాసిని పిల్లల్ని ఆకుదొన్నెలో మడుగునీళ్లతో సహా పెట్టుకుని రాజ్యం కేతన్న దగ్గరికి వచ్చింది.

"అన్నయ్యా, గంగులు కాలు నిలబెట్టిన మందు ఉందిగా. అది చిటికెడు ఈ నీళ్లలో వెయ్యి. నా పిల్లలు బతుకుతారు."

కేతన్న చెయ్యి అలవాటుగా డబ్బా మీదికి పోయింది. కట్టుబాటు ప్రకారం ముందు నాకాలి. అతను తటపటాయించడం చూసి రాజ్యం తనే అంది.

"నువ్వు నాకి చూపించక్కర్లేదు. ఇన్నేళ్లుగా చూస్తున్నాను, నిన్ను నమ్మక ఎవర్ని నమ్ముతాను? త్వరగా వెయ్యి చాలు."

వేస్తే పిల్లలు పోతాయి. పోతే, మందు ఆలస్యమైందని చెప్పొచ్చు. అతని తప్పు ఎప్పటికీ బయటపడదు. వెయ్యకపోతే నోరు విప్పాలి. దొన్నెలో ఒక పిల్ల తోక ఆడిస్తూ అంచు దాకా వచ్చింది. కేతన్న డబ్బా దూరంగా తోసేశాడు.

"వెయ్యను రాజ్యం. నీ పిల్లల్ని చంపింది ఈ మందే. గంగులు కాదు, నేను."

ఇక ఆపలేదు. నాలుకతో గాలిని నాకిన సంగతి, వీర్రాజు నోరు మూయించిన సంగతి, పొదల చాటున మంచు తాగిన సంగతి అన్నీ చెప్పేశాడు. రాజ్యం కళ్లు ఆర్పకుండా విన్నది. తిట్టలేదు. శాపనార్థాలు పెట్టినా అతను సంతోషంగా భరించేవాడు.

"మంచి నీళ్లు ఎక్కడున్నాయో చెప్పు," అంది చివరికి.

కొండ అవతల గంగులు ఎప్పుడో తవ్వుకున్న బురదగుంట ఉంది. మడుగు నీళ్లు అక్కడికి చేరవు. దొన్నె పళ్లతో పట్టుకుని కేతన్న కొండెక్కాడు. వెనకాల రాజ్యం గెంతుతూ వచ్చింది. దారిలో ఎదురైనవాళ్లు ఏమిటని అడిగారు. రాజ్యమే జవాబు చెప్పింది, ఉన్నదున్నట్టు. నోట్లో దొన్నె ఉంది గనక కేతన్న మొహం తిప్పుకోవడానికి కూడా వీల్లేకపోయింది.

గుంట నిండా వాననీళ్లు, నీళ్ల మీద దట్టంగా పాచి. గంగులు మాత్రం గట్టున ఎండలో పడి ఉన్నాడు. ఒళ్లంతా పొక్కులు లేచాయి. కేతన్న దొన్నె కింద పెట్టి, తల ఎత్తకుండా జరిగిందంతా మళ్లీ చెప్పాడు. గంగులు మెల్లిగా అన్నాడు.

"నువ్వు చెప్పావు కాబట్టి నేనూ నమ్మాను కేతన్నా. నేనే ఆ పసివాళ్లని చంపానని ఏడుస్తూ కూర్చున్నాను. నేను దిగితే నీళ్లు చెడతాయని, ఈ గుంటలో కూడా మళ్లీ దిగలేదు."

కేతన్న ముందరికాళ్లలో మొహం దాచుకున్నాడు. దెబ్బకి మందుంది, విషానికి మందుంది, ఈ మాటకి ఏ పసరు రాయాలి చెప్పండి. గంగులు లేచి వచ్చి, దొన్నెని మూతితో వంచి, పిల్లల్ని తనే గుంటలోకి జారవిడిచాడు. అవి పాచిలోకి దూరి తినడం మొదలుపెట్టాయి.

ముగ్గురూ తిరిగి వచ్చేసరికి అడవంతా మడుగు దగ్గర పోగై ఉంది. ఆ పొడి వెంటనే పాతేయాలని కోతులు అరుస్తున్నాయి. పాతితే భూమిలోకి దిగదా అంటున్నాడు ఉడుము పెద్దయ్య. సరిగ్గా అప్పుడే ఒక లేడి తన కూనని తోసుకుంటూ వచ్చింది. కూన కాలు ఉచ్చులో పడి చీరుకుపోయింది. గంగులుకి పుచ్చినట్టే పుచ్చింది. అరుపులన్నీ ఆగిపోయాయి. అందరూ డబ్బా వైపు చూశారు, ఎవరూ అడగలేదు. మాట్లాడింది రాజ్యమే.

"నా పిల్లలు పోయారని దీన్ని కూడా పోగొట్టుకుంటామా? ఆ పొడి కాలు నిలబెట్టడమూ నిజమే, మడుగు చెడగొట్టడమూ నిజమే. రాయనివ్వండి. కడిగిన నీళ్లు మాత్రం ఒక్క చుక్క నేల మీద పడకూడదు."

కేతన్న ముక్కుకీ నోటికీ ఆకు కట్టుకున్నాడు. లేడి వైపు తిరిగి, అందరికీ వినబడేలా చెప్పాడు.

"నేను దీన్ని నాకను తల్లీ. నాకడానికి భయం. లోపలికి పోతే ఏం చేస్తుందో నాకు తెలీదు. పుండు మీద పనిచేస్తుందని మాత్రం తెలుసు. ఒప్పుకుంటేనే రాస్తాను."

తెలీదు అన్న మాట అతని నోట వినడం ఆ అడవికి అదే మొదలు. లేడి కూనని చూసుకుని, సరేనంది. పుండు కడిగిన నీళ్లని వీర్రాజు దగ్గరుండి రాతితొట్టిలో పట్టించి, పైన బండ పెట్టించాడు. కూన బతికింది. ఇప్పటికీ గెంతుతూనే ఉంది.

మడుగు మాత్రం బాగుపడలేదు. పోసిన పొడిని ఏరడం ఎవరి వల్లా కాలేదు. జంతువులన్నీ దూరాన ఉన్న వాగుకి నడిచి నీళ్లు తాగాల్సి వచ్చింది. కేతన్నని ఎవరూ వెళ్లగొట్టలేదు. జబ్బు చేస్తే అతని దగ్గరికే వస్తున్నారు. కాకపోతే అతను నాకేటప్పుడు ఇప్పుడు ప్రతివాళ్లూ కాస్త ముందుకి వంగి, నాలుక మందుకి తగిలిందా లేదా అని చూస్తారు. కేతన్న వాళ్లకి సరిగ్గా కనబడేలా నాకి, తల దించుకుని మందిస్తాడు.

నీతి: మేలు చేసే మందైనా సరే, దాని గురించి తెలిసిన కీడు దాచకూడదు, తెలియనిది తెలిసినట్టు నటించకూడదు. తిరిగి ఏరలేనిదాన్ని వెదజల్లే ముందు వెయ్యిసార్లు అడగాలి.