ఓబులి చూపు

అనగనగా, మన తాతల తాతలు ఇంకా ఉయ్యాలకెక్కని కాలాన, మబ్బుగట్టు అని ఒక రాజ్యం. ఆ రాజ్యంలో ఓబులి అని ఒకతె. చీపుళ్ళు కట్టి బతికేది. ఇంట్లో ముసలి అత్త తిమ్మక్క తప్ప ఇంకెవరూ లేరు.

ఒక ఏడు రాజుగారి ఎర్ర పట్టుకండువా రంగు వెలిసింది. పండితులు కూర్చుని శాస్త్రం కట్టారు. ఏమని? "చూపు రంగును తాగుతుంది. పేదల కంటికి ఆకలెక్కువ. కనుక వాళ్ళ గుక్క పెద్దది." విన్నారా అన్యాయం!

మొదట దండోరా వేశారు. "రాజుగారి బట్టల వంక చూడొద్దు!"

"ఎవడబ్బ సొత్తు ఆ రంగు?" అని ఓబులి నోట్లో నోట్లో గొణుక్కుంది. తల దించుకుంది. కండువా ఇంకా వెలిసింది.

మళ్ళీ దండోరా. "తోటల వంక, పూల వంక చూడొద్దు!"

"ఎవడబ్బ సొత్తు ఆ రంగు?" అని పొరుగింటి చెప్పులుకుట్టే మాదక్కతో అంది. పూలు కూడా పాలిపోయాయి.

మూడోసారి దండోరా. "బీదాబిక్కీ అంతా కళ్ళకు గంతలు కట్టుకోండి!"

కట్టుకున్నారు. తడుముకుంటూ వండుకున్నారు, తడుముకుంటూ పిల్లల్ని ఎత్తుకున్నారు. ఓబులి తడుముకుంటూనే చీపుళ్ళు కట్టింది.

ఎండలు ముదిరే వేళ తిమ్మక్క మంచాన పడింది. "ఓబులీ, మోదుగులు పూశాయటే?"

"పూశాయత్తా."

"ఒక్కసారి చూసి పోతానే."

ఓబులి తలారి కాళ్ళమీద పడింది. "నాయనా, పోయే ప్రాణం. ఒక్క గడియ గంత విప్పనీ."

"పోయేవాళ్ళే ఎక్కువ తాగుతారని శాస్త్రం," అన్నాడు తలారి.

ఆమె చెట్టు తడిమి ఒక పువ్వు కోసుకొచ్చి అత్త చేతిలో పెట్టింది.

"ఎర్రగానే ఉందా?"

"ఎర్రగానే ఉందత్తా," అంది ఓబులి. తన కళ్ళకూ గంతే కదా, ఆమెకేం తెలుసు? ఆ మాట వింటూ ముసలిది కన్నుమూసింది.

అప్పుడు ఓబులికి కడుపు రగిలింది. అత్త గంత పీకింది. తన గంతా పీకింది. చూస్తే ఆ పువ్వు బూడిదలా ఉంది. చచ్చేముందు అత్తకి నాచేత అబద్ధం చెప్పించారు కదరా అని పళ్ళు కొరికి, ఆ పువ్వునే చూసింది. చూడగా చూడగా రెక్కల అంచున ఎరుపు పొడిచింది. పువ్వంతా పాకింది.

అత్తను కాటికి సాగనంపి, ఓబులి నేరుగా నడిబజారుకి పోయింది. రాజు పల్లకిలో ఊరేగుతున్నాడు. భుజాన కండువా సున్నంలా తెల్లగా ఉంది. ఆమె పల్లకికి అడ్డంగా నిలబడి అరిచింది. "ఎవడబ్బ సొత్తు ఆ రంగు?"

తేరిపార చూసింది. కండువా కొసన ఎరుపు మొలిచింది.

పెద్దపండితుడు గంతులేశాడు. "చూశారా ప్రభూ! తాగిందంతా కక్కుతోంది! దొంగ దొరికింది!"

ఆమెను చీకటికొట్లో తోసి తలుపు మూశారు. లోపలికి నీళ్ళు కూడా పంపలేదు.

"ఓబులి చూస్తే కండువా ఎర్రబడింది" అన్న మాట గంతల వెనకున్న జనానికి చేరింది. మొదట మాదక్క గంత పీకింది. ఆమెను చూసి ఆమె కొడుకు, తర్వాత వీధి వీధంతా. అందరూ కళ్ళు విప్పి కొట్టుమీద పడి తలుపు బద్దలుకొట్టారు.

అప్పటికే ఓబులి ప్రాణం పోయింది. చీకట్లో ఆమె చీర రంగు కూడా పోయింది. జనం చుట్టూ నిలబడ్డారు. ఎవరూ ఏడవలేదు, ఎవరూ కదల్లేదు. చూస్తూనే ఉన్నారు. చూడగా చూడగా చీర పచ్చబడింది. చిలకపచ్చ. అది చిలకపచ్చ చీరని ఊరికి అప్పుడే తెలిసింది.

తర్వాత పండితులేమన్నారో తెలుసా? "చూపే రంగుకి తిండి అని మేం మొదట్నుంచీ అంటూనే ఉన్నాం," అన్నారు. శాస్త్రంలో ఓబులి పేరు రాయలేదు. సిగ్గులేని పుటక!

జనం మాత్రం మరవలేదు. నేటికీ ఆ సీమలో రంగులద్దేవాళ్ళు కొత్త చీరను పెరట్లో దాచి ఆరెయ్యరు, వీధి వాకిట్లో ఆరేస్తారు. దారినపోయే బిచ్చగత్తె ఆగి చూసినా "ఏంటలా చూస్తావ్?" అని అదిలించరు. చీర అంచు పట్టుకుని, ఎండకేసి చాచి, "చూడు తల్లీ, ఓబులి ఇచ్చిన వాటా," అంటారు.