పుల్లమ్మ పేరు నిలిపిన నోము కథ

అక్షతలు చేతబట్టుకొని వినుడు.

గౌతమీ తీరమున వేదనిధి యను ముని, తన ఆశ్రమమునకు వచ్చిన సుచరితుడను మునిని జూచి, పువ్వుల పేర్లు, రత్నముల పేర్లు ఎన్నియో యుండగా లోకమున ఆడుబిడ్డలకు పుల్లమ్మ యను పేరేల వచ్చెనని యడిగెను. సుచరితుడు చెప్పసాగెను.

పొన్నవరమున కొండమాంబ యను ఇల్లాలుండెను. మురిపెముగా పేర్లు పెట్టుకొనిన ముగ్గురు బిడ్డలు ఏడాది తిరుగకుండనే పోయిరి. నాలుగవ కాన్పున ఆడుబిడ్డ కలుగగా, పేరు పెట్టుటకే భయపడి, ఒడిలో నుంచుకొని కూర్చుండెను. మధ్యాహ్నము కునుకు పట్టెను. కలలో, వెన్నెల వంటి ఎండలో, తెల్లజుట్టు ముసలమ్మ యొకతె తినిన విస్తళ్లను ఏరుచు కనబడెను.

“ముద్దు పేర్లు పెట్టావు, మృత్యువు విని వచ్చింది. ఈ పిల్లని నలుగురూ తిని లేచిన పుల్లాకులో పడుకోబెట్టు. ఎవరికీ అక్కర్లేనిదనుకుని వెళ్లిపోతుంది. పుల్లమ్మ అని పేరు పెట్టి, ఏటా ఊరికి అన్నం పెట్టి, అందరి ముందూ ఆ పేరుతో పిలువు.”

కొండమాంబ అట్లే చేసెను. పొరుగింటామె ఆకులోని బిడ్డనెత్తి, తన బిడ్డ యన్నట్లు, చేటెడు తవుడు వెలగా తీసికొని తల్లికి అమ్మెను. బిడ్డ బ్రతికెను.

పుల్లమ్మ పెరిగి కలవారి ఇంట మెట్టెను. అత్తగారైన వెంకమాంబ ఆ పేరునకు సిగ్గుపడి, కోడలిని రత్నావళి యని పిలిపించి, ఏటేట ఊరికి అన్నము పెట్టు నోము మాన్పించెను. ఆ యేటనే ఆవులు వట్టిపోయెను, గాదెలు అడుగంటెను. ఒక ఉదయమున కోడలు నిద్రలేవలేదు. రత్నావళీ యని అందరు పిలిచిరి. ఆమె నిద్రలో ఆకులు పరచిన బయలున నడచుచు, ఎవరినో పిలుచుచున్నారని తలచెను.

కబురందుకొని తల్లి వచ్చి, జరిగినదంతయు వియ్యపురాలికి చెప్పెను. వెంకమాంబ వియ్యపురాలి చేతులు పట్టుకొనెను.

“ముగ్గురు పోయారని మాకు తెలియదు వదినగారూ. పేరు మోటుగా ఉందనుకున్నానే గాని.”

ఆమె తానే వండి ఊరివారికి వడ్డించెను. తన చేతులతో ఆకులెత్తి, వానిపై కోడలిని పరుండబెట్టి, చెవియొద్ద వంగెను.

“పుల్లమ్మా, లేమ్మా.”

“వస్తున్నా అత్తయ్యా” అని కోడలు కనులు తెరచెను.

ఆవులు చేపెను, గాదెలు నిండెను. మరుసటి యేట మనుమరాలు పుట్టగా, వెంకమాంబయే పుల్లమ్మ యని పేరు పెట్టెను.

బిడ్డ నిలువని తల్లులు, పేరు మార్చుకొనిన కోడళ్లు, మార్చిన అత్తలు ఈ నోము నోచవలెను. నోచినవారికి పాడిపంటలు, సంతానము కలుగును. ఎంత ముదిమి వచ్చినను, చిన్ననాటి పేరున పిలుచువారొక్కరు వారికి మిగిలియుందురు.