కొంగ వంశం రాజు

గ్రీకు దేశంలో కొండకీ సముద్రానికీ మధ్య ఇరుక్కుని ఫైలియా అనే చిన్న రాజ్యం ఉండేది. పొద్దున్నే బయల్దేరితే మధ్యాహ్న భోజనానికి దాని పొలిమేర దాటెయ్యొచ్చు. దాని రాజు అల్కిమోస్. మంచివాడే, కాకపోతే గొప్పల పిచ్చి.

ఒకసారి పొరుగు రాజు ఇంట పెళ్లికి వెళ్తే, అతన్ని వాకిలి పక్కన కూర్చోబెట్టారు. పై వరసంతా దేవతల మనవలకట! పెళ్లికొడుకు తాత సాక్షాత్తూ సముద్రదేవుడి కొడుకట. అల్కిమోస్ తండ్రి థియోన్ మాత్రం మామూలు మనిషి. రాజై ఉండి కూడా తన గొర్రెల ఉన్ని తానే కత్తిరించుకునేవాడు.

అల్కిమోస్ ఇంటికి రాగానే పూజారి కల్లియాస్‌ని పిలిచాడు.

"నాకూ ఒక దేవుడు కావాలి. ఎక్కడినుంచి తెస్తావో నాకు తెలీదు."

కల్లియాస్‌కి నోరు పెద్దది, బుద్ధి చిన్నది. "చిన్నా చితకా దేవుళ్లెందుకు ప్రభూ? దేవతల రాజు జియసే మీ తండ్రి! ఆయన మారువేషంలో ఆడవాళ్ల దగ్గరికి రావడం లోకమెరిగిన సంగతే గదా!"

ఏ వేషంలో వచ్చాడన్నదే చిక్కొచ్చిపడింది. హంస, ఎద్దు, బంగారు వాన... అన్నీ అప్పటికే వేరే వంశాలవాళ్లు వాడేసుకున్నారు. తలబద్దలు కొట్టుకుని చివరికి కొంగని ఖాయం చేశాడు కల్లియాస్. సమాధి మీద థియోన్ పేరు చెరిపేసి, కొంగ బొమ్మ వేయించాలని కూడా సలహా ఇచ్చాడు.

ఊరంతా దండోరా వేశారు. అది విన్న రాజమాత అగాథ తలుపు వేసుకుంది. మూడు రోజులైనా రొట్టె ముక్క ముట్టలేదు. ముప్పై ఏళ్లు కాపురం చేసిన భర్తని సమాధిలో కూడా ఉండనివ్వకపోతే ఎవరికి మాత్రం కడుపు మండదు?

అయితే వంశానికి సాక్షి కావాలి. రాజుకి పాలిచ్చి పెంచిన దాది మెలిత్త ఇంకా కోటలోనే ఉంది. బలిపీఠం మీద చెయ్యి పెట్టి, కొంగని చూశానని ఆమె ఒట్టెయ్యాలి. వెయ్యకపోతే ఊరు వదిలిపోవాలి. డెబ్బై ఏళ్ల మనిషి ఎక్కడికి పోతుంది? దొంగ ఒట్టేస్తే దేవతలు ఊరుకోరు. ముందు నుయ్యి, వెనక గొయ్యి.

నాలుగో రోజు ఉదయం కోట ముంగిట జనం కిటకిటలాడారు. అగాథ కూడా వచ్చి, ఎవరి మొహమూ చూడకుండా ఒక స్తంభం పక్కన నిలబడింది. మెలిత్త ఇద్దరు పనివాళ్ల చేత మూత బిగించిన పెద్ద బుట్ట మోయించుకుని వచ్చింది.

"ముసలిదానా, కొంగ వచ్చిందా, లేదా?" అని గద్దించాడు కల్లియాస్.

"ఆ రోజు నేను గుమ్మంలో లేనయ్యా, పెరట్లో ఉన్నాను. అయినా నా ఒట్టెందుకు? జియస్ కొడుకుని పోల్చుకోవడం చిన్నపిల్లలకి కూడా తెలుసు. హెరాక్లీస్ కథ వినలేదూ?"

జనం తలలూపారు. ఆ కథ తెలియనివాళ్లు ఆ దేశంలో లేరు. భర్త బయట కన్న పిల్లలంటే జియస్ భార్య హేరాకి ఒళ్లు మంట. హెరాక్లీస్ ఉయ్యాల్లో ఉండగానే రెండు పాముల్ని పంపింది. ఆ పసివాడు రెంటినీ రెండు చేతులతో నులిమి చంపాడు.

"ఇన్నాళ్లూ హేరాదేవికి మన రాజుగారి సంగతి తెలీదు. మొన్న పూజారిగారే ఊరంతా దండోరా వేయించారు. ఈపాటికి వినే ఉంటుంది" అంది మెలిత్త.

అల్కిమోస్ మొహంలో నెత్తురు చుక్క లేదు. ఈ సంగతి అతనికి తట్టనే లేదు.

మెలిత్త బుట్టని కాలితో చిన్నగా తట్టింది. లోపలినుంచి బుస్సుమని బుస వినిపించింది. ముందు వరసలో జనం నాలుగడుగులు వెనక్కి తగ్గారు.

"పసివాడు చేసిన పని నలభై ఏళ్ల వీరుడికి ఒక లెక్కా? బుట్టలో చెయ్యి పెట్టండి ప్రభూ."

మళ్లీ బుస, ఈసారి ఇంకా గట్టిగా.

"కల్లియాస్! ముందు నువ్వు పెట్టు!" అని అరిచాడు రాజు.

"నేనెందుకు ప్రభూ? నేనేం దేవుడి కొడుకునా? మా నాన్న మేకలు కాసుకునేవాడు!"

"అయితే మా నాన్న గొర్రెల ఉన్ని కత్తిరించుకునేవాడు! నేను థియోన్ కొడుకుని! అందరూ వినండి, థియోన్ కొడుకుని! ఆ బుట్ట అవతలికి తియ్యండి!"

స్తంభం పక్కన అగాథ కొంగుతో మొహం కప్పుకుని భోరుమంది. మూడు రోజులుగా బిగబట్టుకున్న ఏడుపది.

మెలిత్త మూత తీసింది. లోపల గుడ్లు పొదుగుతున్న పెద్దబాతు మెడ సాచి, రాజునీ పూజారినీ ఎగాదిగా చూసి, బుస్సుమంది.

"అవ్వా! నేను బాతుకి భయపడ్డానా?" అన్నాడు రాజు, సిగ్గుతో చెవులు ఎర్రబడగా.

"బాతుకి కాదు నాయనా, సవతి తల్లికి. కొత్త తండ్రిని తెచ్చుకుంటే ఆవిడ వెంట రాకుండా ఉంటుందా?"

ముందు ఫక్కుమన్నది అగాథే. తర్వాత జనం, చివరికి రాజు కూడా పొట్ట పట్టుకుని నవ్వాడు. అక్కడికక్కడే తన ఎర్ర శాలువా తీసి దాది భుజాల మీద కప్పాడు. బుట్టని బాతుకి కోపం రాకుండా పెరటిదాకా మోసుకెళ్లే బాధ్యత కల్లియాస్‌కి అప్పగించాడు.